మాటలేని చిత్రము నేర్పు పాఠము



కుబేరుని పుష్పక విమానమును రావణుడు బలిమిని హరించెననియు, రావణవధానంతరము శ్రీరాముడు అందులో అయోధ్యకు వచ్చి దానిని మరల కుబేరునికే పంపెననియు మీరెరుగుదురు. ఆ పేరుతోనే, మన హూడి చేరియున్న ఈ బెంగుళూరు నగరమునందు ఒక చిత్రము నిర్మింపబడి 1987లో విడుదలయ్యెను. దర్శకులు తెలుగువారగు సింగీతం శ్రీనివాసరావుగారు. కన్నడిగులగు శృంగార్ నాగరాజ్‌గారు నిర్మాత. తమిళులగు కమల్ హాసన్‌గారు నాయకుడు, అమలగారు నాయిక.

తెలుగు చిత్రము 1932లో ‘భక్త ప్రహ్లాద’తో మాటలు నేర్చెను. పిదప 55 ఏండ్లకు వచ్చిన ‘పుష్పక విమానము’న సంభాషణ ఒక్కటియు లేదు. అయినను ఇది పూర్వపు మూకీ వంటిది కాదు. సంగీతమును, వీధిరొదయు వినబడును. పాత్రల మాటలు మాత్రము వినబడవు. కనుక ఏ భాషవారైనను దీనిని తమదిగా చూడవచ్చును.

నాయకుడు ఉద్యోగము లేని పట్టభద్రుడు. త్రాగి వీధిలో పడియున్న ఒక ధనవంతుని తన ఇరుకుగదిలో బంధించి, అతని హోటలు గదిలో భోగములనుభవింపసాగెను. ఆ వేషముతోనే ఒక ఇంద్రజాలికుని కుమార్తెకు చేరువయ్యెను. కాని మెత్తని పాన్పుపై నిద్ర రాలేదు. తన పాత వీధి రొదను టేపులో పట్టి తెచ్చి వినుచు నిద్రింపవలసివచ్చెను.

వారి ప్రేమను చూచి మనము నవ్వుకొనుచున్నంతసేపును ఆ గదిలో ఒక మనిషి కట్టుబడియే యున్నాడు. ఇది మరువరాదు. మోహము తన కోరికను తప్ప మరియొకరి బాధను చూడదు. తుదకు నాయకుడు బందీని విడిచి, ఆమెకు నిజము తెలిపెను. నిజమెరిగిన పిదపనే ఆమె ఊరు విడిచి పోవుచు, చీటి చుట్టిన గులాబీని అతనికై విసరెను. చీటి మురుగుకాలువ పాలయ్యెను. అతడు పువ్వుతో మరల ఉద్యోగార్థుల వరుసలో నిలిచెను.

‘మౌనము అర్ధాంగీకారము’ అందురు. ప్రేమ విషయమున ఈ మాట నమ్మరాదు. ఎదుటివారు పలుకకున్న సమ్మతించినట్లు కాదు. కాదన్నచో వెంటబడుట పౌరుషమును కాదు. నిజము చెప్పి, నిర్ణయమును వారికే విడుచువాడు ప్రేమించువాడు.

అభ్యాసము: నాయకుడు నిజము దాచియుండగనే గులాబీ లభించియున్నచో, అది ఎవరికి ఇచ్చినట్లగును? అయిదు వాక్యములలో వ్రాయుడు.