మూగ తెరపై మాతృవేదన: స్వీడిష్ నటి హిల్డా బోర్గ్‌స్ట్రోమ్

నటుడు రంగస్థలం వీడిన క్షణంలోనే అతని కళ కూడ అదృశ్యమైపోతుందని పూర్వం కళాభిజ్ఞులు విచారించేవారు. చలనచిత్రం జన్మించి ఆ విచారాన్ని కొంతవరకు తీర్చింది. అయితే తొలినాటి చిత్రాలలో నటించినవారి పేర్లు నేడు మనలో ఎందరికి తెలుసు? స్వీడన్ దేశపు చలనచిత్రం అనగానే మనకు ఇంగ్రిడ్ బెర్గ్‌మన్, గ్రెటా గార్బో జ్ఞప్తికి వస్తారు. వారికి ముందే ఆ దేశపు తెరకు గౌరవం సంపాదించి పెట్టిన హిల్డా బోర్గ్‌స్ట్రోమ్‌ను మా విద్యార్థి సోదర సోదరీమణులకు పరిచయం చేయడమే ఈ వ్యాసంలో మా ఉద్దేశం.

హిల్డా 1871 అక్టోబరు 13వ తేదీన స్టాక్‌హోమ్ నగరంలో జన్మించింది. ఆమె మొదట అభ్యసించిన విద్య వాచికం కాదు, నృత్యం. బాల్యంలోనే స్టాక్‌హోమ్ రాజ ఒపేరాలో బాలే నృత్యం నేర్చుకున్నది. తరువాత నాటకరంగం వైపు మళ్ళి, 1900 సంవత్సరంలో స్వీడన్ రాజ నాటకశాలలో ప్రవేశించింది. 1788లో మూడవ గుస్టావ్ రాజు నెలకొల్పిన ఆ నాటకశాలలో స్థానం లభించడం ఆ దేశపు నటీనటులకు గొప్ప గౌరవం. మాట రాకముందే దేహం మాట్లాడాలన్న శిక్షణ బాలేలో పొందిన ఈమెకు, మాటలు లేని తొలినాటి చలనచిత్రం పరాయిది కాలేదు.

1912లో ఆమె తెరపై తొలిసారి కనిపించింది. మరుసటి సంవత్సరం విక్టర్ షోస్ట్రోమ్ దర్శకత్వంలో వచ్చిన 'ఇంగెబోర్గ్ హోల్మ్' ఆమె కీర్తికి మూలస్తంభం. మన దేశంలో దాదా సాహెబ్ ఫాల్కే 'రాజా హరిశ్చంద్ర' విడుదలైనది కూడ ఆ 1913లోనే. మన చిత్రంలో హరిశ్చంద్రుని రాణి పాత్రను సాలుంకే అనే పురుషుడు ధరించవలసి వచ్చింది. అదే ఏట స్వీడన్‌లో నాటకశాలలో ఆరితేరిన నటీమణి ఒక చిత్రభారమంతా తన భుజాలపై మోసింది.

నిల్స్ క్రోక్ అనే రచయిత నాటకం ఆ చిత్రానికి ఆధారం. కథ సామాన్యమైనదే. ఇంగెబోర్గ్ ఒక చిరువర్తకుని భార్య. భర్త క్షయవ్యాధితో మరణిస్తాడు. దుకాణం దివాలా తీస్తుంది. తానూ వ్యాధిగ్రస్తురాలై ఆమె అనాథశరణాలయంలో చేరవలసి వస్తుంది. ముగ్గురు పిల్లలను పరాయి ఇండ్లకు అప్పగిస్తారు. బిడ్డకు జబ్బుగా ఉన్నదని విని శరణాలయం నుండి పారిపోగా, రక్షకభటులు పట్టి తిరిగి తెస్తారు. చివరకు కన్నబిడ్డే తనను గుర్తించకపోయినప్పుడు ఆమెకు మతి చలిస్తుంది. ఒక చెక్కముక్కనే పసికందుగా భావించి ఒడిలో లాలిస్తుంది. ఏండ్లు గడచిన పిమ్మట నావికుడై వచ్చిన కుమారుడు ఆమె యౌవనకాలపు ఛాయాచిత్రం చూపగా ఆమెకు తిరిగి స్పృహ కలుగుతుంది.

ఇట్టి కథలో కన్నీరు కార్పించడం తేలిక, నమ్మించడం కష్టం. హిల్డా ఎంచుకున్నది ఆ కష్టమైన మార్గమే. నాటి మూకచిత్రాలలో గుండెలు బాదుకొనడం, చేతులు చాచి ఆకాశం వైపు చూడడం పరిపాటి. ఆమె నటనలో అట్టి ఆర్భాటం తక్కువ. నిలువునా కూలిపోతున్న స్త్రీని ఆమె నడకలోని బరువులో, వాలిన భుజాలలో మనం చూస్తాము.

ఈ నిగ్రహానికి సాంఘిక ఫలితం కూడ లేకపోలేదు. దిక్కులేని పిల్లలను, వృద్ధులను తక్కువ సొమ్ముకు పోషిస్తామన్నవారికి వేలంలో అప్పగించే దుష్టాచారం స్వీడన్‌లో ఉండేది. ఈ చిత్రం చూసిన పిమ్మట బీదల పోషణ చట్టంపై పత్రికలలో తీవ్రమైన చర్చ చెలరేగింది. 1918లో వచ్చిన కొత్త చట్టం ఆ వేలాన్ని నిషేధించింది. ఒక్క చిత్రమే చట్టాన్ని మార్చినదని చెప్పడం అతిశయోక్తి కావచ్చును. కాని అంకెలుగా మాత్రమే కనబడుతున్న బీదలకు ఒక ముఖాన్ని ప్రసాదించిన పుణ్యం ఈ నటీమణిదని మేము నిస్సంకోచంగా చెప్పగలము.

1921 జనవరి 1వ తేదీన విడుదలైన షోస్ట్రోమ్ చిత్రం 'షోర్‌కార్లెన్' సెల్మా లాగర్‌లోఫ్ నవల ఆధారంగా తీసినది. అందులో తాగుబోతు భర్త గొడ్డలితో తలుపు బద్దలు కొడుతుంటే బిడ్డలతో వణికిపోయే ఇల్లాలు హిల్డాయే. ఆ తరువాత వయసు మీరినకొద్దీ నాయిక పాత్రలు తగ్గినా ఆమె తెరను వీడలేదు. 1938లో ఇంగ్రిడ్ బెర్గ్‌మన్ నాయికగా నటించిన 'ఒక స్త్రీ ముఖం'లో ఇంటి పరిచారిక వేషం వేసింది. 1948లో యువదర్శకుడు ఇంగ్మార్ బెర్గ్‌మన్ చిత్రంలోనూ చిన్న పాత్ర ధరించింది. 1953 జనవరి 2వ తేదీన కన్నుమూసే నాటికి డెబ్బైకి పైగా చిత్రాలలో నటించింది.

ఈమె జీవితం నుండి మనం గ్రహించవలసినవి రెండు. మొదటిది, చిన్న పాత్ర అనేది లేదు. నాయికగా వెలిగిన స్త్రీ పరిచారికగా నిలబడడానికి వెనుదీయలేదు. రెండవది, అభినయానికి ఆర్భాటం ప్రాణం కాదు. మన కళాశాల వార్షికోత్సవ నాటకాలలో గొంతు చించుకొనడమే నటన అనుకొనేవారు కొందరున్నారు. అభ్యాసంలో ఒక్క దినం సంభాషణలు విడిచి ఆడి చూడవలసినదిగా వారికి, నాటక కమిటీ పెద్దలకు మా మనవి. మాట లేకుండా నిలిచిన పాత్రకే మాట కూడ శోభనిస్తుంది.