ముందు చెల్లించిన భోజనము: లాభమా, నష్టమా?

విద్యార్థులారా! విహారయాత్రకు పోవునపుడు మనము బస్సు బాడుగను లెక్కింతుము, ప్రవేశపు టిక్కెట్టును లెక్కింతుము. భోజనపు లెక్క మాత్రము తరచుగా అమ్మువాడు వేసి యిచ్చినదే మనకు ప్రమాణ మగుచున్నది. ఆ లెక్కను మనమే వేసికొనుట యెట్లో ఈ వ్యాసమున నేర్చుకొందము. ఇందులకు కూడిక, తీసివేత, హెచ్చవేత, భాగహారము తప్ప వేరొకటి యక్కరలేదు.

2024 మే నెలలో ఖుర్దా జిల్లాలో, భువనేశ్వరమునకు సమీపమున, వండర్‌లా అను వినోదోద్యానము తెరువబడినది. ఆ సంస్థవారు అంతకు ముందే 2000లో కొచ్చిలోను, 2005లో బెంగుళూరులోను, 2016లో హైదరాబాదులోను ఇట్టి ఉద్యానములను నెలకొల్పియుండిరి. 1996 నుండి నడచుచున్న రామోజీ ఫిల్మ్ సిటీని చూడవలెనన్న మన చికిటి పిల్లలకు దూరప్రయాణము తప్పదు. భువనేశ్వర మట్లు కాదు. తెల్లవారుజామున బయలుదేరినచో రాత్రికి ఇల్లు చేరవచ్చును. కావున పాఠశాలల విహారయాత్రల మాట వచ్చినపుడు ఇట్టి స్థలముల పేర్లు ఇకమీదట మనకు తరచుగా వినవచ్చును. దానితోపాటు మరియొక మాటయు వినవచ్చును: "భోజనమునకు కూడ ఇప్పుడే చెల్లింపుడు, ఇంత ఆదా." ఈ ఆదా ఎవరికి, ఎంత, అనునదే మన ప్రశ్న.

ముందుగా మనకు తెలిసిన మెస్సును చూతము. చికిటి నుండి పోయి బరంపురములో చదువుకొనుచున్న ఒక విద్యార్థి కలడనుకొందము. మెస్సులో నెలకు 3,000 రూపాయలు ముందుగా చెల్లించినచో 30 దినములు, రెండుపూటల చొప్పున, 60 భోజనములు. అనగా పూటకు 50 రూపాయలు. విడిగా తినినచో పూటకు 60. పూటకు పది రూపాయలు మిగులునని చూచినవెంటనే తోచును. కాని మన విద్యార్థి ప్రతి శనివారము సాయంకాలము ఇంటికి వచ్చి, సోమవారము ఉదయమున తిరిగి పోవువాడు. శనివారము రాత్రి, ఆదివారము రెండుపూటలు అతడు తల్లి చేతి వంటనే తినును. వారమునకు మూడుపూటలు, నాలుగు వారములకు పన్నెండు. అతడు మెస్సులో నిజముగా తినునది 48 పూటలే. విడిగా కొనినచో 48ని 60తో హెచ్చవేయగా 2,880 రూపాయలు. ముందుగా చెల్లించినందున అతనికి 120 రూపాయలు నష్టము.

మరి ఎన్నిపూటలు తినినచో నష్టము లేదు? 3,000ను 60తో భాగింపగా 50 వచ్చును. ఈ యేబదిని "సరితూగు సంఖ్య" అందము. అంతకు పైబడి తినువానికి లాభము, తక్కువ తినువానికి నష్టము. ఈ విద్యార్థి సరితూగు సంఖ్యకు రెండుపూటల దూరములో నిలిచినాడు. ఇందు గమనింపవలసినది ఒకటి కలదు. అమ్మువాడు చెప్పిన 50 రూపాయల ధర అబద్ధము కాదు. కాని అది అరువదిపూటలు తినువాని ధర. మన విద్యార్థికి పూట ధర 3,000ను 48తో భాగింపగా వచ్చు 62 రూపాయల 50 పైసలు.

ఇప్పుడు రైలుకు వత్తము. భువనేశ్వరమునకు, విశాఖపట్టణమునకు నడుమ బరంపురము, ఇచ్ఛాపురముల మీదుగా 2024 మార్చిలో వందే భారత్ రైలు ప్రారంభమైనది. ఇట్టి రైళ్లకు టిక్కెట్టు కొనునపుడు భోజనము వలయునా, వలదా అని అడుగుదురు. వలదనినచో ఆ మేరకు సొమ్ము తగ్గును. వలదని చెప్పి, తీరా రైలెక్కిన పిమ్మట ఆకలి వేసినచో ఏమగును? రాజధాని, శతాబ్ది వంటి రైళ్ల విషయమై 2022 జూలైలో ప్రకటింపబడిన ధరలలో, చెయిర్ కార్, థర్డ్ ఎ.సి. తరగతుల మధ్యాహ్న భోజనము ముందుగా కోరినవారికి 185 రూపాయలు, కోరక రైలులో కొనువారికి 235 రూపాయలు. ఏబది రూపాయలు అధికము. ముందుగా కోరుటయే మేలని తొందరపడి చెప్పవచ్చును. అయితే ఒకడు నూరుమారులు ప్రయాణము చేసెననుకొనుడు. ప్రతిమారు ముందుగా చెల్లించినచో 18,500 రూపాయలగును. ఆకలి వేసినపుడే కొనినచో ఎన్నిమారులకు ఇంత సొమ్మగును? 18,500ను 235తో భాగింపగా 78 దాటి 79కి లోపుగా వచ్చును. అనగా నూటికి 79 మారులైనను రైలు భోజనము తినువాడే ముందుగా కోరుట మంచిది.

ఇంతవరకు రెండు మార్గములే చూచితిమి. రైలులో మూడవ మార్గము కూడ కలదు. అది మన యిండ్ల పులిహోర పొట్లము. రైలువారు దానిని కాదనరు. వినోదోద్యానములలో చాలవానియందు బయటి తిండిని ద్వారము వద్దనే ఆపుదురు. ఇల్లు పోటీలో లేనపుడు లోపలి ధర యెంతైన నుండవచ్చును గదా! కావున ఉద్యానము లోపలి విడిధరతో పోల్చి "ఇంత మిగిలినది" అనునపుడు, ఆ విడిధరయే బజారు ధర కన్న ఎంత యెక్కువయో కూడ ఒకమారు తలచుకొనవలెను. ఎక్కువ ధరలో కొంత తగ్గించుట ఒకటి, తక్కువ ధర యగుట మరొకటి.

ఇక మన తరగతి లెక్క. ఈ క్రింది ధరలు లెక్క కొరకు ఊహించుకొన్నవే. నలుబదిమంది విద్యార్థులు విహారయాత్రకు పోయినారు. ఉద్యానములో భోజనము 220, సాయంకాలపు ఫలహారము 80, చల్లని పానీయము 50 రూపాయలు. మొత్తము 350. ఈ మూడింటికి కలిపి ముందుగా కొను కూపను 300 మాత్రమే. ప్రతి కూపనుపై 50 రూపాయల ఆదా యని పెద్ద అక్షరములలో వ్రాసియున్నది. నలుబది కూపనులకు 2,000 రూపాయలు మిగులునని ఎవరైన ననవచ్చును.

కాని పిల్లలను విడిగా అడిగి చూతము: "కూపను లేనిచో నీవు ఏమేమి కొనుక్కొందువు?" పండ్రెండుగురు మూడును కొందుమనిరి. పదునెనిమిదిమంది భోజనము, ఫలహారము చాలును, మంచినీళ్లు త్రాగుదుమనిరి. మిగిలిన పదిమంది భోజనమొక్కటి చాలుననిరి. ఇప్పుడు విడిగా కొనినచో అగు ఖర్చు: పండ్రెండుగురికి 350 చొప్పున 4,200, పదునెనిమిదిమందికి 300 చొప్పున 5,400, పదిమందికి 220 చొప్పున 2,200. మొత్తము 11,800 రూపాయలు. కూపనులకో 12,000! ఒక్కొక్క కూపనుపై ఏబది రూపాయలు మిగిలినవనుకొనుచుండగా, తరగతికి 200 రూపాయలు నష్టము వచ్చినది.

ఈ వింత యెట్లు జరిగినదో విప్పి చూడుడు. పండ్రెండుగురికి ఏబది చొప్పున 600 రూపాయల లాభము. పదునెనిమిదిమందికి లాభమును లేదు, నష్టమును లేదు. పదిమందికి ఎనుబది చొప్పున 800 రూపాయల నష్టము. ఆ యెనిమిదివందలలో ఆరువందలు తోటి విద్యార్థుల ఫలహార పానీయములకు పోయినవి, మిగిలిన రెండువందలు అమ్మువానికి చేరినవి. భోజనమొక్కటి చాలునన్న ఆ పదిమంది యెవరు? కొందరు నిజముగా మితాహారులు కావచ్చును. కాని వారిలో ఇంటివద్ద సొమ్ము లెక్కపెట్టి తెచ్చుకొన్న పిల్లలే ఎక్కువగా నుందురు. అందరివద్ద సమానముగా వసూలు చేయుట సమానత్వమువలె కనబడును. లెక్క వేసి చూచినచో, లేనివాని యెనుబది రూపాయలు ఉన్నవాని గ్లాసులో పోయబడినవని తేలుచున్నది.

అట్లయిన కూపనులే వలదందమా? ఆ పదిమంది మాత్రము ప్రక్కకు పోయి కూర్చుండగా, తక్కినవారు ఫలహారము తినుచుండుట చూడ ముచ్చటగా నుండదు. పిల్లవాడు జేబులోని చిల్లర లెక్కించుకొనుచు "నాకు ఆకలి లేదండి" అనుట వినని ఉపాధ్యాయు డుండడు. ముందుగా చెల్లించుటలోని నిజమైన సుఖమిదియే. లోపల ప్రవేశించిన పిమ్మట ఎవడును డబ్బు మాట తలపెట్టనక్కరలేదు. ఈ సుఖమునకును ఒక వెల కలదు. అది యెంతో తెలిసి చెల్లించుట మంచిది, తెలియక చెల్లించుట వేరు.

ఇందుకొక ఉపాయము కలదు. నలుబదిమంది గుంపుగా వచ్చుచున్నాము గనుక ధర తగ్గింపుడని అడుగుటలో తప్పు లేదు. కూపనుకు 280 రూపాయలకు ఒప్పుకొనిరనుకొందము. మొత్తము 11,200 అగును. విడిగా కొను 11,800 కన్న 600 తక్కువ. అందరివద్ద 280 చొప్పున వసూలు చేసినచో ఆ పదిమందికి ఇంకను అరువది చొప్పున నష్టమే. అట్లు గాక వారివద్ద 220 చొప్పుననే తీసికొనుడు, 2,200 వచ్చును. తక్కిన 9,000 రూపాయలను ముప్పదిమందికి పంచినచో తలకు 300. పదునెనిమిదిమంది మొదట తాము చెప్పినంతయే యిచ్చిరి. పండ్రెండుగురికి ఏబది చొప్పున మిగిలినది. పదిమంది తాము ఇయ్యదలచినదే యిచ్చి, భోజనముతోపాటు ఫలహారమును, పానీయమును పొందిరి. ఎవరికిని నష్టము లేదు. ఎవరెంత యిచ్చిరో వసూలు చేసిన ఉపాధ్యాయునికి తప్ప మరెవరికిని తెలియ నక్కరలేదు.

ఈ భోజనపు కూపనులు పెద్దయెత్తున సాగు చోటు అమెరికాలోని ఫ్లోరిడా రాష్ట్రమున కలదు. అది 1971లో తెరువబడిన వాల్ట్ డిస్నీ వరల్డ్. అమెరికాలో ఉద్యోగములు చేయు తెలుగువారు తమ తల్లిదండ్రులు వచ్చినపుడు వారిని చూడ తీసికొనిపోవు ప్రదేశములలో అదియు నొకటి. అచటి హోటళ్లలో బస చేయువారికి ముందుగా చెల్లించు భోజన పథకమును 2005లో ప్రవేశపెట్టిరి. 2020లో కరోనా కాలమున ఆగిపోయి, 2024 జనవరిలో అది మరల వచ్చినది. రెండు పథకములలో తక్కువ వెల గలదానికి ఆ యేట రాత్రికి, పెద్దలకు 57 డాలర్ల 1 సెంటు, పిల్లలకు 23 డాలర్ల 83 సెంట్లు. అందుకు రెండు భోజనములు, ఒక చిరుతిండి లభించును. పానీయము మరల మరల నింపుకొను పాత్ర యొకటి బస మొత్తమునకు ఇత్తురు.

ఇందలి షరతులు మన లెక్కకు మిక్కిలి పనికివచ్చును. పిల్లలనగా మూడేండ్ల నుండి తొమ్మిదేండ్ల వరకే. పదియేండ్లు నిండినచో పెద్దల వెల. తల్లిదండ్రులు, పదునొకండేండ్ల అమ్మాయి, ఎనిమిదేండ్ల అబ్బాయి గల కుటుంబమునకు రాత్రికి మూడు పెద్దల వెలలు 171.03, ఒక పిల్లవాని వెల 23.83, మొత్తము 194.86 డాలర్లు. నాలుగు రాత్రులకు 779.44. ఆ యమ్మాయికి తొమ్మిదేండ్లే యైనచో నాలుగు రాత్రులకు 132.72 డాలర్లు తగ్గియుండును. పదునొకండేండ్ల పిల్ల తొమ్మిదేండ్ల పిల్లకు రెండింతల కన్న నెక్కువ తినునా? తల్లులే చెప్పవలెను. మరియు ఒకే బసలో నున్న, మూడేండ్లు దాటిన వారందరును ఆ పథకములో చేరవలసినదే. తాతగారు మజ్జిగన్నము తప్ప ముట్టనన్నను ఆయన వెల చెల్లింపవలెను. ఒక కూపనుతో ఖరీదైన మాంసాహారమును తీసికొనవచ్చును, చౌకయైన శాకాహారమును తీసికొనవచ్చును. తెగు కూపను మాత్రము ఒక్కటే. శాకాహారి పూటకు 15 డాలర్ల వంటకములు, 7 డాలర్ల చిరుతిండి తినెననుకొనుడు. దినమునకు 37 అగును. చెల్లించినది 57. మిగిలిన యిరువదిని ఆ పానీయపు పాత్ర పూరింపవలెను! వెళ్లిపోవు దినమున అర్ధరాత్రికి, వాడని కూపనులు చెల్లకుండ పోవును. అందుచే కడపటి దినమున ఆకలి లేకున్నను తినుట సంభవించును. ఉయ్యాలలు, గిరగిర తిరుగు బండ్లు గల చోట అట్లు తినినవాని గతిని నేను వర్ణింపను.

తల్లిదండ్రులకు ఒక మనవి. ఇట్టి కూపనుల షరతులు ఆంగ్లమున నుండును, మన ప్రాంతమున ఒడియాలో నున్నను ఉండవచ్చును. తెలుగులో నుండుట అరుదు. చదువ రానిచో పిల్లలచేత చదివించి, తెలుగులో చెప్పించుకొనుడు. కూపను ఆ దినమునకే చెల్లునా? ఒకనిది మరియొకడు వాడవచ్చునా? జ్వరము వచ్చి పిల్లవాడు ఆగిపోయినచో సొమ్ము తిరిగి యిత్తురా? పన్ను ఆ వెలలో చేరియున్నదా? "అపరిమితము" అనినచో అన్నమా, కూరలా, అన్నియునా? సొమ్ము చెల్లించుటకు ముందే వీనికి సమాధానములు కావలెను.

అభ్యాసము: పైన చెప్పిన నలుబదిమందిలో యాత్రనాడు ముగ్గురు రాలేదు. వారిలో ఇద్దరు భోజనమొక్కటి చాలునన్నవారు, ఒకరు మూడును కొందునన్నవారు. 280 రూపాయల కూపనులు నలుబదియు ముందే కొనబడినవి. తిరిగి యిచ్చుటకు వీలులేదు. విడిగా కొనినదాని కన్న తరగతికి లాభమా, నష్టమా? రాని ముగ్గురికి వారి సొమ్ము పూర్తిగా తిరిగి యియ్యవలెనన్నచో, వచ్చిన ముప్పదియేడుగురిపై ఎంత భారము పడును? దానిని ఎవరెవరికి ఎట్లు పంచెదరో కారణములతో వ్రాయుడు.