కుక్కకాటునుండి ఆత్మరక్షణము

ప్రాతఃకాలమున విజయవాడ రాజమార్గమునుండి చీలిన సందులలో మన హయత్‌నగరు బాలబాలికలు పుస్తకముల సంచులు భుజమున వేసికొని బడికి నడచి వచ్చుచుందురు. చెత్తకుండీల ప్రక్కను, మాంసపుకొట్ల ముందఱను, కట్టుచున్న యిండ్ల యిసుకకుప్పలమీదను కుక్కలు పండుకొనియుండును. అనేక దినములు అవి మనవైపు కన్ను తెఱచియైన చూడవు. ఒకనాడు మాత్రము వానిలో నొకటి లేచి, చెవులు నిక్కించి, మనమీదికి వచ్చును. అప్పుడు ఆలోచించుటకు వ్యవధి యుండదు. ఏమి చేయవలయునో ముందుగనే నేర్చియుండవలయును. అందుకొఱకే యీ పాఠము.

కుక్క మనకు పగజంతువని చెప్పుట మా యుద్దేశము గాదు. ధర్మరాజు తన వెంట వచ్చిన కుక్కను విడిచి స్వర్గమునకు పోనొల్లడాయెనని మహాభారతము చెప్పుచున్నది. ఇల్లు కాచుటకును, మందను కాచుటకును, దొంగల జాడ తీయుటకును కుక్కను మించిన తోడు లేదు. కాని విశ్వాసముగల జంతువైనను భయపడినపుడును, ఆకలిగొన్నపుడును, పిల్లలను కాచుకొనునపుడును, గుంపులో చేరినపుడును కఱచును. ఈ సంగతి మఱచిన ప్రాణాపాయము గలుగవచ్చును.

ఇది యూహించిన భయము గాదు. 2023వ సంవత్సరము ఫిబ్రవరి 19వ తేదీ ఆదివారమునాడు, మనకు ఎంతో దూరము లేని అంబర్‌పేటలో, ఒంటరిగా నడచుచున్న నాలుగేండ్ల బాలుని వీధికుక్కలు చుట్టుముట్టి కఱచి చంపినవి. తెలంగాణ హైకోర్టు ఆ వార్తను చూచి తనంతట తానే విచారణకు గైకొనెను. 2025 డిసెంబరులో మన హయత్‌నగరు ప్రాంతముననే, మన్సూరాబాదులో, మాటలాడనేరని యొక బాలునిపై కుక్కలగుంపు పడి తీవ్రముగా గాయపఱచినది. రెండు చోట్లను పడినవారు పసివారే. రెండు చోట్లను పైబడినది ఒక కుక్క గాదు, గుంపు. రెండవ బాలునకు సహాయమునకై కేకవేయు శక్తియైనను లేదు. ఆ శక్తి మనకు దేవుడిచ్చియున్నాడు. దానిని ఎప్పుడెప్పుడు వినియోగింపవలయునో యీ పాఠములో ముఖ్యముగా గమనింపుడు.

కుక్క కఱచుటకు ముందు సాధారణముగా సూచనలు చూపును. దేహము కొయ్యవలె బిగియును. చూపు మనమీదనే నిలుచును. మెడపైని వెండ్రుకలు లేచును. పై పెదవి ముడిచి కోరలు చూపి గుర్రుమనును. తోక నాడించు కుక్కలన్నియు స్నేహము గలవని తలంపరాదు. దేహము బిగించి తోకను నిలువుగా నెత్తి కొన మాత్రము కదలించు కుక్క కోపముతో నున్నదని యెఱుగవలయును. కూడు తినుచున్న కుక్కను, నిద్రించుచున్న కుక్కను, కట్టివేయబడిన కుక్కను, పిల్లలను పెట్టిన కుక్కను ఎన్నడును సమీపింపకుడు. మీరెఱిగిన కుక్కయైనను ఈ నియమము తప్పరాదు.

ఇక మీదికి వచ్చినపుడు చేయవలసినది. మొదటి నియమము: పఱుగెత్తకుడు. పాఱిపోవుదానిని తఱుముట కుక్కకు పుట్టుకతో వచ్చిన గుణము. మీలో ఎంత వేగముగా పఱుగెత్తు బాలుడైనను కుక్కను గెలువలేడు. వెన్ను చూపి పడిపోవుట మాత్రము జరుగును. కావున నిలువుడు. చేతులు ఊపక, రెండు చేతులును దగ్గఱకు ముడిచి దేహమునకు ఆనించి యుంచుడు. కుక్క కన్నులలోనికి సూటిగా చూడకుడు. అది దానికి యుద్ధమునకు పిలుపుగా దోచును. నేలవైపు చూపు దించి, దేహమును కొంచెము ప్రక్కకు త్రిప్పి, చెట్టువలె కదలక నిలువుడు. పెక్కు కుక్కలు వచ్చి, వాసన చూచి, ఆసక్తి తగ్గి తొలగిపోవును. పిదప వెన్ను చూపక, మెల్లమెల్లగా వెనుకకు నడచి, ఇంటిగేటులోనికో దుకాణములోనికో చేరవలయును.

వంగి ఱాయి తీయునట్లు నటించిన మన వీధికుక్కలు పాఱిపోవునని అందఱును ఎఱుగుదురు. కుక్క దూరమున నున్నపుడు ఇది కొంతవఱకు నిజమే. దగ్గఱకు వచ్చిన పిమ్మట మాత్రము వంగరాదు. వంగినచో మన మొగము దాని నోటియెత్తునకు దిగును. చిన్నపిల్లలకు తలమీదను, మొగముమీదను గాట్లు ఎక్కువగా పడుటకు వారి పొట్టితనమే కారణము. చిన్న తమ్ముడో చెల్లెలో వెంట నున్నయెడల వారిని మీ వెనుకకు తీసికొని, పఱుగెత్తనీయక చేయి పట్టుకొనుడు.

కుక్క ఆగక మీద దూకినచో, చేతిలోని సంచినో, గొడుగునో, టిఫినుడబ్బానో దాని నోటికిని మీ దేహమునకును నడుమ అడ్డము పెట్టుడు. అది సంచిని పట్టుకొన్న సంచిని విడిచివేయుడు. పుస్తకములు మఱల కొనవచ్చును. గుంపుగా వచ్చినచో గోడకు వీపు ఆనించి నిలువుడు. అప్పుడు వెనుకనుండి కఱవజాలవు. నిలిచియున్న కారుమీదికిగాని అరుగుమీదికిగాని ఎక్కగలిగిన ఎక్కుడు. గుంపు వచ్చినపుడు, లేక ఒక కుక్కయైనను కఱవ నారంభించినపుడు, గొంతెత్తి పెద్దలను పిలువుడు. క్రింద పడిపోయినచో మోకాళ్లు కడుపులోనికి ముడిచి, మొగము నేలవైపు దాచి, వ్రేళ్లు పెనవైచిన చేతులతో మెడ వెనుకభాగమును, ముంజేతులతో చెవులను కప్పుకొని ఉండవలయును. మెడయు మొగమును కాపాడుకొన్నవాడు ప్రాణమును కాపాడుకొన్నవాడు.

సైకిలుమీద పోవువారు కుక్క తఱిమినపుడు వేగము పెంచి పడిపోవుదురు. మెల్లగా ఆపి, దిగి, సైకిలును నడుమ ఉంచుకొని నడచుట మేలు. మఱియొకనిపై కుక్కలు పడుట చూచినవారు తామొక్కరే నడుమ దూఱక, పెద్దగా కేకలువేసి పెద్దలను పిలువవలయును. కఱ్ఱతోగాని, బకెట్టు నీళ్లతోగాని పెద్దలు గుంపును చెదరగొట్టగలరు.

ఎంత జాగ్రత్తగా నున్నను కాటు పడవచ్చును. అప్పుడు రెండవ నియమము: వెంటనే కడుగుడు. వెఱ్ఱికుక్క చొంగలో రేబీసు అను వ్యాధిని కలిగించు సూక్ష్మజీవి యుండును. అది గాయమున ప్రవేశించి, నరములవెంట మెల్లగా ప్రాకి మెదడును చేరును. చేరుటకు తఱచుగా రెండు మూడు నెలలు పట్టును. ఒక్కొకప్పుడు వారములలోనే చేరును. అరుదుగా ఏడాది పట్టుటయు గలదు. మెదడును చేరి, నీటిని చూచిన భయము, గొంతు పట్టివేయుట మొదలగు లక్షణములు బయలుపడిన పిమ్మట ప్రాణము దక్కుట మిక్కిలి అరుదు. కాని బయలుపడకముందు తగిన చికిత్స పొందినచో రోగమును ఇంచుమించు తప్పక నివారింపవచ్చును. మృత్యువునకును మనకును నడుమ నున్న గడువు ఇదియే.

కావున గాయమును సబ్బుతోను, కొళాయినుండి పాఱు నీటితోను, గడియారము చూచి 15 నిమిషములు కడుగవలయును. ఇందువలన చాల విషము అక్కడనే కొట్టుకొనిపోవును. కారము, సున్నము, పసుపు, కాఫీపొడి, ఆకుపసరు మొదలగువానిని పూయరాదు. వాతలు పెట్టరాదు. తాయెత్తులతోను మంత్రములతోను ప్రొద్దు పుచ్చరాదు. గట్టిగా కట్టు కట్టరాదు. కడిగిన వెంటనే ఆసుపత్రికి పోవలయును.

ఈ వ్యాధికి టీకాను మొదట మనుష్యునకు ప్రయోగించినవాడు ఫ్రాన్సుదేశపు లూయీ పాశ్చరు. 1885 జూలై 6వ తేదీన, వెఱ్ఱికుక్క కఱచిన తొమ్మిదేండ్ల జోసెఫ్ మైస్టరను బాలుని అతని తల్లి పారిసునకు తీసికొనిరాగా, పాశ్చరు పర్యవేక్షణమున టీకాలు వేయబడెను, బాలుడు బ్రదికెను. దక్షిణ హిందూదేశమున 1907లో కూనూరునందు పాశ్చరు పేర ఒక చికిత్సాలయము నెలకొల్పబడెను. బొడ్డుచుట్టు పదునాలుగు సూదులు వేయుదురని మన తాతలు భయముతో చెప్పుకొనిన పాత మందు ఇప్పుడు లేదు. ఇప్పటి టీకాను భుజమున వేయుదురు. మన హైదరాబాదులోని ఇండియన్ ఇమ్యునలాజికల్స్ సంస్థయు దీనిని తయారుచేయుచున్నది. నారాయణగూడలోని ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ ప్రివెంటివ్ మెడిసినును, నల్లకుంటలోని ఫీవరు ఆసుపత్రియు కుక్కకాటు చికిత్సకు నగరమున పేరొందినవి.

టీకాను కండలో వేయునపుడు మొదటి దినమును సున్నగా లెక్కించి 0, 3, 7, 14, 28 దినములయందును, చర్మములో వేయునపుడు 0, 3, 7, 28 దినములయందును వేయుదురు. గాయము నొప్పి తగ్గినదని నడుమ మానుట గొప్ప తప్పు. చర్మము చీలి నెత్తురు వచ్చిన గాయములకు టీకాతోబాటు, గాయములోనే వేయు ఇమ్యునోగ్లోబ్యులిన్ అను మందు కూడ అవసరము; టీకా దేహమున బలము పుట్టించులోపల ఇది అడ్డు నిలుచును. ధనుర్వాతమునకు సూదియు వేయవలసియుండును. లూకా సువార్తలో లాజరు పుండ్లను కుక్కలు నాకిన సంగతి మీరు చదివియుందురు. పుండును కుక్క నాకినను నేడు వైద్యులు దానిని కాటుతో సమానముగనే యెంచుదురు. కఱచిన కుక్క పది దినములు ఆరోగ్యముగ నున్నచో కఱచిననాడు దానికి రేబీసు అంటుకొనజేయు స్థితి లేదని వైద్యులు నిర్ణయింతురు. కాని ఆ పది దినములు చూచి పిదప టీకా వేయించుకొందమనుట పనికిరాదు. ముందు టీకా ఆరంభింపవలయును.

ఇక మూడవ నియమము. ఇది అన్నిటికంటె ముఖ్యము: చెప్పుడు. ప్రపంచమున ఏటేట సుమారు 59,000 మంది రేబీసువలన మరణించుచున్నారని ప్రపంచ ఆరోగ్య సంస్థ అంచనా. నూటికి సుమారు నలుబదిమంది 15 ఏండ్లలోపు పిల్లలు. పిల్లలెందుకు చెప్పరు? ఎవరి గోడ దూకినందుకో, వద్దన్న వీధిలో ఆడినందుకో, కుక్కపిల్లను తోక పట్టి లాగినందుకో దెబ్బలు పడునని వెఱచి, చిన్న గీఱుడే గదా యని చొక్కాచేయి క్రిందికి దించి కప్పుకొందురు. గాయము వారములో మానును. విషము మానదు. తప్పు చేసి దాచిన బాలుడు కోపమునుండి ఒక దినము తప్పించుకొనును. తల్లిదండ్రులు మాత్రము జీవితకాలమంతయు దుఃఖింపవలసి వచ్చును. పంటిగాటైనను, గోటిగీఱుడైనను, నెత్తురు రాకపోయినను, ఆ గంటలోనే తల్లికో, తండ్రికో, ఉపాధ్యాయునకో చెప్పుడు.

తలిదండ్రులకును ఒక మనవి. బిడ్డ వచ్చి కుక్క కఱచినదని చెప్పినపుడు మొదటి మాట "ఎక్కడ? చూపుము" అని యుండవలయును గాని, "అక్కడికి ఎందుకు పోతివి?" అని యుండరాదు. ఒకనాడు చెప్పినందుకు దెబ్బతిన్న బిడ్డ మఱియొకనాడు చెప్పడు. కోపమునకు రేపు కూడ సమయము గలదు, టీకాకు లేదు. మా ఉపాధ్యాయులమైన మాకును ఈ మాటయే వర్తించును.

వీధికుక్కల బెడద ఒక్కరివలన తీరదు. 2023 మార్చిలో కేంద్ర ప్రభుత్వము ప్రకటించిన జంతు జనన నియంత్రణ నియమములు కుక్కలకు సంతాననిరోధ శస్త్రచికిత్సయు, రేబీసు టీకాయు స్థానిక సంస్థల బాధ్యతగా నిర్ణయించినవి. అట్లు చేయబడిన కుక్కకు గుర్తుగా చెవికొన కత్తిరింపబడియుండును. 2025 నవంబరు 7వ తేదీన సుప్రీంకోర్టు పాఠశాలలు, ఆసుపత్రులు, బస్సు, రైల్వే స్టేషనుల ఆవరణములనుండి వీధికుక్కలను తొలగించి ఆశ్రయములకు చేర్చవలయునని ఆజ్ఞాపించెను. పెద్దల పనిని పెద్దలు చేయుదురుగాక. మన చేతిలోనిది కూడ కొంత గలదు. టిఫినుడబ్బాలో మిగిలిన అన్నమును బడిగేటు ముందర పాఱవేయుట మానుదము. కూడున్న చోటనే గుంపు చేరును. ఇంటిలో కుక్కను పెంచువారు ఏటేట దానికి టీకా వేయింతురుగాక. ఊరక పోవు కుక్కను ఱాతితో కొట్టకుందము. నేడు ఒకడు కొట్టిన కుక్క రేపు మఱియొకనిని కఱచును.

బాలబాలికలారా, ఈ పాఠమంతయు మఱచినను మూడు మాటలు జ్ఞాపకముంచుకొనుడు. కుక్క వచ్చినపుడు నిలువుడు. కఱచినపుడు కడుగుడు. కడిగినవెంటనే చెప్పుడు. ఈ సాయంకాలము ఇంటికి పోయి, ఈ పత్రికను చదువనేరని చిన్న తమ్మునకో చెల్లెలికో చేతులు ముడిచి చెట్టువలె నిలుచుట ఒకమాఱు చూపి నేర్పుడు. నాలుగేండ్లవాడు కూడ దానిని ఆటగా నేర్చుకొనగలడు.