అరలు దాటిన చదువు

చిత్తూరు నుండి బెంగళూరుకు పోయే రహదారి మొగిలి కనుమను ఎక్కి పీఠభూమిని చేరిన చోట పలమనేరు ఉంది. దానికి ఒక ప్రక్క తమిళనాడు, మరొక ప్రక్క కర్ణాటక. సంతకు వచ్చిన రైతు నోట తెలుగుతోపాటు తమిళం, కన్నడం కూడా వినిపిస్తాయి. ఏ మాట ఏ భాషదో ఇక్కడివారు విచారించరు. పనికి వచ్చిన మాటను వాడుకొంటారు. పుస్తకాల విషయంలో మాత్రం మనుషులు సాధారణంగా ఇంత ఉదారంగా ఉండరు. నవలలకు అలవాటు పడినవారు నవలలనే అడుగుతారు. చరిత్ర పరీక్షకనీ, ఆట మైదానానికనీ ముందే తీర్పు చెప్పుకొంటారు.

ఈ విభజనకు గ్రంథాలయపు అమరిక కూడా కొంత దోహదం చేస్తుంది. అమెరికా గ్రంథపాలకుడు మెల్విల్ డ్యూయీ 1876లో ప్రకటించిన దశాంశ పద్ధతిలో ఆటలకు 796, సాహిత్యానికి 800, చరిత్రకు 900 అనే అంకెలు కేటాయించబడ్డాయి. అంటే ఆటల పుస్తకానికీ చరిత్ర పుస్తకానికీ నడుమ ప్రపంచ సాహిత్యమంతా అడ్డుగా నిలుస్తుందన్నమాట! పుస్తకం వెదకడానికి ఈ అంకెలు ఎంతో అవసరం. అయితే అవి పుస్తకం ఉన్న చోటును చెబుతాయే గాని, అందులోని విషయం ఎంత దూరం పోతుందో చెప్పవు.

ఈ సంగతిని బాగా గ్రహించినవాడు శియాళి రామామృత రంగనాథన్. గణితోపాధ్యాయుడుగా జీవితం ప్రారంభించిన ఆయన 1924లో మద్రాసు విశ్వవిద్యాలయ గ్రంథపాలకుడయ్యాడు. పుస్తకాలను బీరువాలలో పెట్టి తాళం వేయడం, పాఠకుడు చీటీ రాసి ఇస్తే లోపలినుండి తెచ్చి ఇవ్వడం ఆనాటి వాడుక. పేరు తెలిసిన పుస్తకాన్ని మాత్రమే చీటీ మీద రాయగలం. తెలియని పుస్తకాన్ని అడగడమెట్లా? 1931లో ఆయన ప్రకటించిన అయిదు సూత్రాలలో మూడవది, ప్రతి పుస్తకానికీ దాని పాఠకుడు దొరకాలని కోరుతుంది. అందుకు తెరచిన అరలే తగిన సాధనమని ఆయన వాదించాడు. ఆయన కృషి ఫలితంగా 1948లో మద్రాసు రాష్ట్రంలో పౌర గ్రంథాలయాల చట్టం వచ్చింది. అప్పటికి చిత్తూరు జిల్లా ఆ రాష్ట్రంలోనిదే.

తెరచిన అరల మధ్య తిరిగే పాఠకునికి ఎదురుపడదగిన పుస్తకాలలో సురవరం ప్రతాపరెడ్డి 'ఆంధ్రుల సాంఘిక చరిత్ర' ఒకటి. 1949లో వెలువడిన ఈ గ్రంథానికి 1955లో కేంద్ర సాహిత్య అకాడమీ పురస్కారం లభించింది. తెలుగులో ఆ పురస్కారం పొందిన తొలి గ్రంథమిదే. అప్పటికి రెండేళ్ల క్రితమే ప్రతాపరెడ్డి కన్నుమూశాడు. రాజుల వంశావళులను, యుద్ధ తేదీలను ఆశించి దీనిని తెరచినవారికి ఆశ్చర్యమే కలుగుతుంది. జనం ఏమి తిన్నారు, ఏమి కట్టుకొన్నారు, ఏ ఆటలు ఆడారు అన్నవి ఇందులో ప్రధాన విషయాలు. వీటికి ఆధారాలు ఎక్కడివి? శాసనాలు దానాలను గూర్చి చెబుతాయి గాని గోలీలాటను గూర్చి చెప్పవు. అందుచేత ఆయన కావ్యాలను ఆశ్రయించాడు. వినుకొండ వల్లభరాయని పేర ప్రసిద్ధమైన 'క్రీడాభిరామం'లో ఇద్దరు మిత్రులు ఓరుగల్లు వీధులలో తిరుగుతూ కోడిపందెం, పొట్టేళ్ల పోరు చూస్తారు. కవి దానిని వినోదం కోసం రాశాడు. చరిత్రకారుడు దానిని సాక్ష్యంగా స్వీకరించాడు. పల్నాటి కథలోనూ ఇంతే. నాయకురాలికీ బ్రహ్మనాయుడికీ నడుమ జరిగిన కోడిపందెం, బాలచంద్రుని బొంగరాల ఆట లేకుంటే ఆ వీరగాథ నడవదు. ఇటువంటి గ్రంథాలను ఏ ఒక్క అరలో పెట్టినా మిగిలిన రెండు అరలకు అన్యాయమే జరుగుతుంది.

ఆటల అర వైపు నుండి బయలుదేరినా పాఠకుడు చరిత్రలోకే చేరవచ్చు. రామచంద్ర గుహ 2002లో ఆంగ్లంలో ప్రకటించిన భారత క్రికెట్ చరిత్రలో పాల్వంకర్ బాలూ అనే బౌలరు ప్రముఖంగా కనిపిస్తాడు. ఆయన దళితుడు. మైదానంలో అతని చేతి బంతిని అందుకోవడానికి అభ్యంతరం లేని తోటి ఆటగాళ్లు, విరామ సమయంలో మాత్రం అతనికి బయట మట్టి పాత్రలో తేనీరు ఇప్పించారు. 1911 ఇంగ్లండు పర్యటనలో నూటికి పైగా వికెట్లు తీసినవాడు హిందూ జట్టుకు నాయకుడు కాలేకపోయాడు. ఆ గౌరవం 1923లో అతని తమ్ముడు విఠల్‌కు దక్కింది. అస్పృశ్యతను గూర్చి పాఠ్యగ్రంథంలో నిర్వచనం కంఠస్థం చేసిన విద్యార్థికి ఈ మట్టి పాత్ర చెప్పే సంగతి వేరు.

ట్రినిడాడ్‌లో 1901లో పుట్టిన సి.ఎల్.ఆర్. జేమ్స్ ఇంకొక అడుగు ముందుకు వేశాడు. ఆయన 1936లో నవల ప్రచురించాడు. 1938లో హైతీ బానిసల తిరుగుబాటు చరిత్ర రాశాడు. 1963లో క్రికెట్‌ను గూర్చిన గ్రంథం వెలువరించాడు. వలసపాలనలో మనిషి ఆత్మగౌరవం ఏమవుతుంది అన్న ప్రశ్న ఈ మూడింటినీ కలుపుతుంది. గ్రంథాలయంలో మాత్రం ఈ ఒక్క రచయిత మూడు చోట్ల విడివిడిగా ఉంటాడు.

అంత దూరం పోనక్కరలేదు. పలమనేరు నుండి రోజూ బస్సులో మొగిలి కనుమ దిగే విద్యార్థికి అది మలుపుల దారి మాత్రమే. మూడవ మైసూరు యుద్ధాన్ని గూర్చిన పుస్తకం తెరచినప్పుడు, 1791లో కారన్‌వాలిస్ సేన టిప్పు సుల్తాన్ మీదికి పోతూ ఈ కనుమనే ఎక్కిందని తెలుస్తుంది. పొరుగున ఉన్న మదనపల్లెలోనే 1919 ఫిబ్రవరిలో రవీంద్రనాథ ఠాగూరు 'జనగణమన'ను ఆంగ్లంలోకి అనువదించాడు. ఆయనకు ఆతిథ్యమిచ్చిన బిసెంటు దివ్యజ్ఞాన కళాశాలకు అప్పటి ప్రధానాచార్యుడు జేమ్స్ కజిన్స్ స్వయంగా ఐరిష్ కవి. ఇక కథల అరలో దామలచెరువు ప్రాంతపు ఉపాధ్యాయుడు మధురాంతకం రాజారాం ఉన్నాడు. కరవు కాలపు రైతును, పల్లెబడి పంతులును ఆయన కథలు చూపిన తీరు గమనిస్తే, రేపటి సాంఘిక చరిత్రకారునికి అవే 'క్రీడాభిరామం' కాగలవనిపిస్తుంది. ఆయన కథలకు 1993లో సాహిత్య అకాడమీ పురస్కారం వచ్చింది.

తెలుగులో మిక్కిలి పలుచగా ఉన్నది ఆటల అరే. భారత జట్టుకు తొలి టెస్టు మ్యాచ్‌లో, 1932లో లార్డ్స్ మైదానంలో, నాయకత్వం వహించిన సి.కె. నాయుడు నాగపూరులో స్థిరపడిన తెలుగు కుటుంబంవాడు. ఆయన కుమార్తె చంద్రా నాయుడు తండ్రిని గూర్చి ఆంగ్లంలో పుస్తకం రాసింది. తెలుగు పాఠకునికి ఆటల పుస్తకమంటే నియమాల పుస్తకమో, ప్రశ్నోత్తరాల సంపుటమో అయి ఊరుకొంది. పోటీ పరీక్షల పుస్తకాలకే గిరాకీ ఉన్నప్పుడు కొనుగోలు జాబితా కూడా అటే మొగ్గుతుంది. పాఠకులు అడగని పుస్తకం అరకు రాదు. అరలో లేని పుస్తకాన్ని పాఠకులు అడగనూ అడగరు. తెరచిన అరల ప్రయోజనం ఇక్కడ ఆగిపోతుంది.

ఆంధ్రప్రదేశ్ పౌర గ్రంథాలయాల చట్టం 1960లో వచ్చింది. దాని ప్రకారం ఇంటిపన్నులో రూపాయికి ఎనిమిది పైసల చొప్పున గ్రంథాలయ పన్ను వసూలవుతుంది. పుస్తకాల ముఖం ఎన్నడూ చూడనివారు కూడా దానిని చెల్లిస్తారు. పలమనేరులో ఇంటిపన్ను కట్టే ప్రతి కుటుంబమూ కథల అరకు, చరిత్ర అరకు, ఆ పలుచని 796 అంకె అరకు కూడా తన వంతు సొమ్ము ముందే ఇచ్చి ఉంచింది.