చెప్పి వెళ్లు తల్లీ

చందర్లపాడు

చి.ల.సౌ. బుజ్జమ్మకు పెద్దమ్మ ఆశీస్సులు.

నీ ఉత్తరం అందింది. కబుర్లన్నీ బాగా రాశావు గానీ చివరి పేజీలో ఒక్క ముక్క నన్ను పట్టుకుని వదలడం లేదు. ప్లేస్కూల్లో ఆయా బాబుని బొమ్మల దగ్గరికి తీసుకెళ్లగానే నువ్వు పక్క గేటులోంచి జారుకుంటున్నావట, లేకపోతే గోల చేస్తాడట. ఆ కిందే రాశావు: వాడు రాత్రిళ్లు ఉలిక్కిపడి లేస్తున్నాడనీ, నువ్వు స్నానానికి వెళ్లినా తలుపు బాదుతున్నాడనీ, డాక్టరు ఒంట్లో ఏమీ లేదన్నాడనీ. ఈ రెండు సంగతులకూ సంబంధం ఉందని నీకు తోచలేదా తల్లీ? అల్లుడుగారు మొండితనం అన్నారట. మూడేళ్లవాడికి మొండితనమేమిటమ్మా! వాడు నిన్ను కాపలా కాస్తున్నాడు. అటు తిరిగితే అమ్మ మాయమవుతుందని వాడికి రోజూ తెలిసొస్తోంది కదా.

తిండి గురించి అంత బెంగపడకు. గుడ్డు, పప్పు, ఏదో ఒక ఆకుకూర రోజూ పడితే చాలు. ముద్దముద్దకీ ఫోను చూపించకు. ఈ వయసుకి పగలూ రాత్రీ కలిపి పది నుంచి పదమూడు గంటల నిద్ర కావాలనీ, ఫోనూ టీవీ కలిసి రోజుకు గంట దాటకూడదనీ ప్రపంచ ఆరోగ్య సంస్థ 2019లోనే చెప్పింది. వాణ్ణి పదకొండింటి దాకా మేలుకోనివ్వడం మాత్రం మానండి. మిగతావి నీకు తెలిసినవే. నేను చెప్పదల్చుకున్నది ఆ పక్క గేటు సంగతి.

అంగన్‌వాడీలో నేను చూసినంతమంది పిల్లల్ని మనింట్లో ఇంకెవరూ చూసి ఉండరు. మిరప కోతలప్పుడు ఇక్కడ ఎలా ఉంటుందో నీకు తెలుసు. చీకటితోనే ఆటోలు వచ్చేస్తాయి, చీర మీద మగవాళ్ల పాత చొక్కాలు తొడుక్కుని ఆడవాళ్లు ఎక్కేస్తారు. కొందరు తల్లులు బిడ్డ నిద్రలో ఉండగానే వెళ్లిపోయేవారు. కొందరు మాత్రం ఆ చీకట్లోనే లేపి, "కోతకి పోతన్నాను, పొద్దుగూకే వేళకి వస్తా, నీకు పెద్దమ్మ గుడ్డు పెడతది" అని చెప్పి వెళ్లేవారు. ఈ పిల్లలు వచ్చేటప్పుడు ఏడ్చేవారు, బాగానే ఏడ్చేవారు. కానీ కాసేపటికి ఆటలో పడేవారు. చెప్పకుండా వెళ్లిన వాళ్ల పిల్లలు ఏడ్చేవారు కాదు. గుమ్మం వైపు తిరిగి కూర్చునేవారు, నా కొంగు వదిలేవారు కాదు. బుద్ధిమంతులని అందరూ మెచ్చుకునేవారు. నాకు మాత్రం వాళ్లను చూస్తేనే కడుపు తరుక్కుపోయేది.

సాయంత్రం ఆ తల్లులు తిరిగొచ్చేసరికి మిరప ఘాటుకి చేతులు మండిపోతుండేవి. వేళ్లు తగిలితే బిడ్డ కళ్లు మండుతాయని మోచేతులతోనే దగ్గరికి లాక్కునేవారు. అందుకని, నువ్వు ఉద్యోగానికి వెళ్లడం తప్పని నేనెప్పుడూ అనను. నీకన్నా ఎక్కువ గంటలు బయట ఉండి బిడ్డల్ని ధైర్యంగా పెంచిన తల్లుల్ని ఈ కళ్లతో చూశాను. వెళ్లడం వల్ల బిడ్డ చెడిపోడు. నన్ను నమ్ము, ఆ దిగులు పెట్టుకోకు. అసలే సన్నబడ్డావని మీ అమ్మ చెబుతోంది.

ఏడవని పిల్లల గురించి చెప్పాను కదా, వాళ్లలాంటి ఒక పాప మీదే ఇంగ్లండులో జేమ్స్ రాబర్ట్‌సన్ అనే ఆయన 1952లో ఒక సినిమా తీశాడు. రెండేళ్ల పాప ఆపరేషనుకని ఎనిమిది రోజులు ఆసుపత్రిలో ఉంటుంది. ఆ కాలంలో తల్లిదండ్రుల్ని పిల్లల దగ్గర ఉండనిచ్చేవారు కాదు. ఆ పాప గోల చెయ్యదు, ఏడుపు అణుచుకుంటుంది. చివరకు ఇంటికి వెళ్లేటప్పుడు తల్లి చెయ్యి పట్టుకోదు. గోల చెయ్యని బిడ్డ కుదురుకుందని డాక్టర్లు అనుకునేవారు. అది కుదురు కాదని ఆయన చూపించాడు. 1959లో అక్కడి ప్రభుత్వం వేసిన కమిటీ, తల్లిదండ్రుల్ని ఎప్పుడైనా రానివ్వాలని సిఫారసు చేసింది. ఆయనతో కలిసి పనిచేసిన జాన్ బౌల్బీ గారిని చిన్నప్పుడు పెంచిన ఆయా, ఆయనకు నాలుగేళ్లు వచ్చేసరికి వెళ్లిపోయిందట. తల్లి పోయినంత బాధపడ్డానని పెద్దయ్యాక చెప్పుకున్నాడు. బిడ్డలకూ తల్లులకూ మధ్య ముడి గురించి ఆయన జీవితమంతా రాస్తూనే ఉన్నాడు.

నాకు ఆ సినిమా సంగతి కొత్తగా అనిపించలేదు. నా చిన్నప్పుడు మీ అమ్మమ్మ గుంటూరు ఆసుపత్రికి వెళ్లినప్పటి కథ నీకు తెలిసిందే. నాతో మాత్రం పేరంటానికి వెళ్లింది, దీపాలవేళకి వస్తుందన్నారు. అరుగు మీద కూర్చుని ఆ వేళ కోసం చూశాను. ఎన్నో దీపాలవేళలు గడిచాయి. ఆవిడ తిరిగొచ్చి చేతులు చాపితే నేను నాయనమ్మ వెనక్కి వెళ్లి నిలబడ్డానట. అది చెప్పేటప్పుడల్లా మా అమ్మ గొంతు మారిపోయేది, ముసలితనంలో కూడా.

మా నాన్న అలా కాదు. ఆయన మాట్లాడేదే తక్కువ. మిరప బస్తాలతో గుంటూరు వెళ్లేటప్పుడు నా ముందు గొంతుక్కూర్చుని, "ఎల్లుండి పొద్దుగూకేలోగా వస్తా" అనేవాడు. వచ్చేవాడు. ఒకసారి పెనుగంచిప్రోలు తిరునాళ్లలో, తిరుపతమ్మ గుడి దగ్గర ఆ జనంలో, "ఇక్కడే నిలబడు, బండి కట్టుకొస్తా" అని వెళ్లాడు. చుట్టూ ప్రభలు, డప్పులు, తప్పిపోయిన పిల్లల పేర్లు మైకులో. ఆ రోజు కొన్న ఎర్ర రిబ్బను నాకింకా గుర్తుంది, చెరుకు ముక్క కూడా. భయం మాత్రం గుర్తులేదు, ఎందుకంటే నాకు భయం వెయ్యలేదు. నాన్న వస్తానన్నాడంటే వస్తాడు. అమ్మ మీద ప్రేమ ఎక్కువున్నా, నమ్మకం నాన్న మీదే ఉండేది నాకు.

ఇది ఒక్క గేటు దగ్గరి మాట కాదమ్మా. సూది వేయించేటప్పుడు నొప్పి పుట్టదని చెప్పొద్దు. పుడుతుంది, కాసేపట్లో పోతుంది, నేను పట్టుకుంటాను అని చెప్పు. బూచాడు, పోలీసు, "నిన్ను వదిలేసి పోతా", ఇవేవీ ఆ ఇంట్లో వినపడకూడదు. మీ అత్తగారు అన్నా మెల్లగా చెప్పు, ఆవిడ ఆపేక్ష కల మనిషి, వింటారు. మీ మామగారు పోయినప్పుడు "తాతయ్య ఊరెళ్లాడు" అన్నారు కదా, అప్పుడే నా మనసు ఒప్పలేదు. ఇప్పుడు నువ్వు ఊరెళ్తున్నానంటే వాడు గుక్కపట్టి ఏడుస్తున్నాడంటే ఎందుకో ఆలోచించు. తాతయ్య చనిపోయాడనీ, ఇక రాడనీ, అందరికీ బాధగా ఉందనీ వాడికి చెప్పండి. మళ్లీ మళ్లీ అడుగుతాడు, మళ్లీ మళ్లీ చెప్పండి.

రేపు పొద్దున బడి దగ్గర వాడి ఎత్తుకు కూర్చుని, కళ్లలోకి చూసి చెప్పు. గడియారం వాడికి తెలియదు గనక వాడి లెక్కలో చెప్పు: "అన్నం తింటావు, నిద్రపోతావు, లేచి పాలు తాగేసరికి అమ్మ వస్తుంది." ముద్దు పెట్టుకుని లే. ఆపైన నిలబడి తటపటాయించకు, వెళ్లిపో. ఏడుస్తాడు. ఏడవనీ. నీ మీద కోపం తెచ్చుకునే హక్కు వాడికుంది. పాల వేళకి మాత్రం గేటు దగ్గర నువ్వే కనపడాలి. నీకు కుదరని రోజు నాన్న వస్తాడని పొద్దున్నే చెప్పు. కొన్నాళ్లు గోల ఎక్కువే అవుతుంది, ఓర్చుకో. వాడు నీ మాటను పరీక్షించి చూసుకుంటాడు.

కారం పట్టించాను, ఆవకాయ సీసాతో కలిపి పంపుతున్నాను. వాడికి ఇప్పుడే పెట్టకు. నువ్వు మాత్రం వేళకి నెయ్యి వేసుకుని నాలుగు ముద్దలు తిను.

సంక్రాంతికి ఎన్ని రోజులు ఉంటారో బయల్దేరకముందే వాడికి చెప్పు. పోయినసారిలా మీరు కారెక్కే వేళకి వాణ్ణి దూడ దగ్గరికి తీసుకెళ్లమని మీ బాబాయి నన్ను అడిగితే, ఈసారి నేను ఒప్పుకోను. వాడు నా చంకలో ఏడుస్తూనే మీకు చెయ్యి ఊపుతాడు.

ఆశీస్సులతో,
మీ పెద్దమ్మ