శ్రీ బాలాంత్రపు రజనీకాంతరావుగారు



ఆళ్లగడ్డకు పోయినవారు అచ్చటి శిల్పులు ఉలిబట్టి రాతిని విగ్రహముగా మలచుట చూచియుందురు. ఆ విగ్రహము దూరపు గుడికి చేరిన పిమ్మట, చూచువారు దేవతను గుర్తింతురే గాని చెక్కినవాని పేరడుగరు. పాటల సంగతియు నిట్టిదే. పాడినవారి కంఠము జ్ఞాపకముండును. వరుస కట్టినవాని పేరు మరుగునపడును.

మొన్న నంద్యాలలో మా తరగతి బాలుడొకడు టెలివిజను ధారావాహికలోని పాటను కూనిరాగము తీయుచుండగా, "దీనిని కట్టినదెవరు?" అని యడిగితిని. "టీవీలో వచ్చునండీ, అయ్యగారూ" అనెను. ఆ జవాబే నాచేత ఈ వ్యాసమును వ్రాయించినది.

టెలివిజను రాకమునుపు ఇంటింటికి పాటను చేర్చినది రేడియో. తెలుగున ఆ రేడియో పాటకు రూపు దిద్దినవారిలో ముఖ్యులు రజనీకాంతరావుగారు. వీరు 1920వ సంవత్సరము జనవరి 29వ తేదీన నిడదవోలులో జన్మించిరి. తండ్రి వేంకటరావుగారు వేంకట పార్వతీశ్వర కవులను జంటలో నొకరు. ఆంధ్ర విశ్వకళాపరిషత్తున చదువు ముగించి, 1941లో వీరు మద్రాసు రేడియో కేంద్రమున ఉద్యోగమునకు చేరిరి.

ఆ దినములలో పాటలు చాలవరకు అప్పటికప్పుడు పాడగా ప్రసారమగుచుండెను. ముద్రించి దాచుట అరుదు. కొలది నిమిషములలో పల్లవియు చరణములును ముగియవలెను. చూచుటకు బొమ్మ లేదు గనుక భావమంతయు మాటయు స్వరమునే మోయవలెను. కావున రాగవిస్తారమును తగ్గించి, ప్రతి పదము తేటగా వినబడునట్లు వరుస కట్టవలసివచ్చెను. దీనినే లలిత సంగీతమందురు.

1945లో వెలువడిన 'స్వర్గసీమ' చిత్రమున భానుమతిగారు పాడిన పావురము పాట ఆంధ్రదేశమంతట మారుమ్రోగెను. దానిని కట్టినది రజనిగారే. కాని రేడియో ఉద్యోగి యగుటచే చిత్రమున వారి పేరు కనబడలేదు. 1947 ఆగస్టు 14వ తేదీ అర్ధరాత్రమున, దేశము స్వతంత్రమైన వేళ, మద్రాసు కేంద్రమునుండి టంగుటూరి సూర్యకుమారిగారు పాడిన 'మాదీ స్వతంత్ర దేశం' అను గీతమునకు మాటయు వరుసయు వీరివే. తరువాత విజయవాడ కేంద్రమున 'భక్తిరంజని'ని తీర్చిదిద్దిరి. నా బాల్యమున ఆళ్లగడ్డలో తెల్లవారుట యనగా భక్తిరంజని వినబడుటయే. దాని వెనుక నొక మనుష్యుడున్నాడని నేనును ఎన్నడు తలపలేదు.

మాటను, పాటను తానే కూర్చువానిని వాగ్గేయకారుడందురు. అట్టివారి చరిత్రలు మరుగుపడరాదని రజనిగారు 'ఆంధ్ర వాగ్గేయకార చరిత్రము'ను రచించిరి. దానికి 1961లో కేంద్ర సాహిత్య అకాడమీ బహుమానము లభించెను. ఇతరుల పేళ్లు నిలుపుటకై ఇంత శ్రమపడినవారి పేరు, వారి పాటను పాడువారికే తెలియకుండుట న్యాయమా? వీరు 98 ఏండ్లు జీవించి, 2018 ఏప్రిలు 22వ తేదీన విజయవాడలో పరమపదించిరి.

రెండు దినముల తరువాత ఆ బాలుడు నాయొద్దకు వచ్చి, "అయ్యగారూ, పేళ్లు చూచితిని గాని, చదువులోపలనే పోయినవండీ" అనెను. "రేపును చూడుము" అంటిని. నాలుగవనాడు కాగితముపై ఒక పేరు వ్రాసి తెచ్చెను.

బాలబాలికలారా! మీరును పాటను పుస్తకమున వ్రాసికొనునపుడు వ్రాసినవారు, వరుస కట్టినవారు, పాడినవారు అను మూడు పేళ్లను దానిక్రింద వ్రాయుడు. అన్నము పెట్టిన చేతిని మరువరాదని మన పెద్దలు నేర్పిరి గదా. పాట పెట్టిన చేతికిని ఆ మర్యాద చెల్లవలెను.