నవ్వులపాలైన గొంతు: నొబుయో ఓయామా జీవితము



ఈ సంవత్సరము ప్రార్థనా సమావేశమున తెలుగు వార్తలు చదువుటకు పేర్లిమ్మని మేము కోరగా, చక్కగా చదువగల విద్యార్థిని యొకతె తన పేరు వ్రాయించుకొనుటకు సమ్మతింపలేదు. ఆమె పేరును, తరగతిని ఇచట చెప్పము. కారణమడుగగా, తన గొంతు మగపిల్లవాని గొంతువలె నున్నదనియు, నోరు తెఱచినంతనే అందఱును నవ్వుదురనియు పలికెను. "నీ గొంతునకేమమ్మా, బాగుగనే యున్నది" అని మేము బదులు చెప్పితిమి. ఆ బదులు ఆమెకు ఊరట నీయలేదు. మాకును తృప్తి కలుగలేదు. ఇంటికి పోయిన పిమ్మట ఒక జపాను దేశపు నటి చరిత్ర జ్ఞప్తికి వచ్చినది. దానినే ఈ పాఠముగా వ్రాయుచున్నాము.

టెలివిజనులో కనుపించు డోరేమాన్ అను నీలి రంగు గుండ్రని మరపిల్లిని ఎఱుగనివారు మీలో ఉండరు. మనము దానిని వినునది మన దేశపు భాషలలో. దాని సొంత భాషయగు జపానీయమున 26 సంవత్సరములు దానికి గొంతునిచ్చిన నటి పేరు నొబుయో ఓయామా.

ఆమె 1933వ సంవత్సరము అక్టోబరు 16వ తేదీన టోక్యో నగరమున జన్మించెను. ఆమె గొంతు సాధారణముగా బాలికలకుండునట్లు సన్నగా నుండెడిది కాదు. కొంచెము బొంగురుగా, బాలుర గొంతును పోలి యుండెడిది. మాధ్యమిక పాఠశాలలో క్రొత్తగా చేరినపుడు ఆమె మాటాడగనే తోడి పిల్లలు నవ్విరి. నాటినుండి ఆమె మాటలు తగ్గించి మౌనముగా నుండసాగెను. తల్లి ఈ సంగతి నెఱిగి కుమార్తెతో ఇట్లు చెప్పినదట: చేయైనను కాలైనను బలహీనముగా నున్నదని వాడక దాచుకొన్నచో అది మఱింత బలహీనమగును, గొంతును అట్టిదే, బాగుగ లేదని మూసికొని కూర్చున్నచో తుదకు గొంతే పెగలకుండ పోవును, కావున రేపటినుండి గొంతుతో పనిబడు సంఘమేదియో చూచి అందు చేరుము. కుమార్తె ఆ మాట విని పాఠశాలలోని ప్రసార సంఘమున చేరెను. ఓయామా పెద్దయైన పిమ్మట తానే ఈ సంగతిని చెప్పెను.

ఆ తల్లి "నీ గొంతు కోకిల గొంతు" అని బొంకలేదు. ఇది మీరు గమనింపవలెను. మేమును ఆలస్యముగా గమనించితిమి. ఉన్నదానిని ఉన్నట్లే ఒప్పుకొని, దానితో చేయదగిన పనిని చూపినది.

మన ప్రాంతపు వారికి ఇట్టి నవ్వు క్రొత్త కాదు. ఇంట తెలుగు, వీధిలో తమిళము, సంతలో కన్నడము వినుచు పెరిగిన మన పలుకునకు ఒక యాస గలదు. మేము ఉపాధ్యాయ శిక్షణకై పొరుగు రాష్ట్రమునకు పోయినపుడు, మొదటి దినమున మేము పేరు చెప్పుకొనగనే వెనుకనుండి నవ్వు వినబడినది. కొన్ని వారములు ప్రశ్నలకు జవాబులు తెలిసియు చేయి ఎత్తక కూర్చుంటిమి. మాకు ప్రసార సంఘమును చూపినవారు లేరు. అది అట్లుండనిండు.

ఓయామా చదువు ముగిసిన పిమ్మట హైయూజా అను ప్రసిద్ధ నాటక సంస్థవారి శిక్షణాలయమున నటన నేర్చుకొనెను. 1956లో టెలివిజను నాటకమున నటించెను. ఆ కాలమును కొంచెము వివరింపవలసి యున్నది. జపానులో టెలివిజను ప్రసారములు 1953వ సంవత్సరము ఫిబ్రవరి 1వ తేదీన మొదలైనవి. కొలదికాలమునకే పెద్ద సినిమా కంపెనీలు ఈ క్రొత్త పోటీని చూచి జంకి, తమ చిత్రములను టెలివిజనువారికి ఇచ్చుట మానుకొన్నవి. గంటలు నింపవలెను గదా! అందుచేత అమెరికా ధారావాహికలను తెప్పించి జపానీయ మాటలతో ప్రసారము చేసిరి. సినిమా తారలు ఈ పనికి రాలేదు. రేడియో నాటకములవారును, రంగస్థల నటులును వచ్చిరి. మొదటి దినములలో ముందుగా ముద్రించుకొను పద్ధతి సైతము అంతగా లేదు. బొమ్మ నడచుచుండగా నటులు దానిని చూచుచు అప్పటికప్పుడే మాటలు చెప్పెడివారు. తప్పు దొరలినచో అది దేశమంతయు వినవలసినదే. ఇట్టి నటులను జపానీయులు "సెయియూ" అందురు. "సెయి" యనగా గొంతు; "యూ" యనగా నటుడు. మనము గాత్రదాతలందుము గాని, ఆ జపాను మాటలో దానము లేదు, నటనయే యున్నది. ఆ మాటయే సరియైనదని మాకు తోచును.

ఓయామా 1957లో లాసీ యను కుక్క కథల అమెరికా ధారావాహికకు గొంతునిచ్చి ఈ వృత్తిలో అడుగిడెను. 1960లో జపాను ప్రజా ప్రసార సంస్థవారు "బూ ఫూ ఊ" అను బొమ్మలాటవంటి పిల్లల కార్యక్రమమును మొదలిడిరి. మూడు పందిపిల్లల కథ అది. అందు పెద్దదియగు బూ గొంతు ఓయామాది. చిన్నదియగు ఊ గొంతు తెత్సుకో కురొయనాగిది. ఈ రెండవ పేరు మీలో కొందఱకు తెలిసియే యుండును. తొత్తోచాన్ అను చిన్ననాటి కథను వ్రాసినది ఆమెయే. దానిని మనము తెలుగున "రైలుబడి" యను పేర చదివితిమి. చిత్రమేమనగా, ఆమెయు బడిలో ఇమడలేదని పంపివేయబడిన బాలికయే.

తరువాత 1965లో ఎలుగుబంటి పిల్ల పంచ్, 1966లో అల్లరివాడగు కునిమత్సు, 1969లో సజాయె-సాన్ కథలలోని తమ్ముడు కత్సువో, 1977లో జాంబోట్ కథలోని బాలవీరుడు కప్పెయి: అన్నియు మగపిల్లల పాత్రలే, లేదా వారివంటివే. దీనికొక కారణము గలదు. బాలుని పాత్రకు బాలుని గొంతే వాడినచో, రెండు మూడేండ్లలో వాని గొంతు మాఱిపోవును. కథలోని బాలుడు మాత్రము ఎదుగడు. స్త్రీ గొంతు అట్లు మాఱదు. కాబట్టి ఏ గొంతును విని తోడి పిల్లలు నవ్విరో, ఆ గొంతే వెదకి తెచ్చుకొనదగినదాయెను.

డోరేమాన్ కథలు ఫుజికో ఎఫ్. ఫుజియో అను చిత్రకారుని చేతినుండి 1969వ సంవత్సరాంతమున పిల్లల పత్రికలలో వెలువడసాగినవి. 1973లో ఒక టెలివిజను సంస్థ వానిని కొన్ని నెలలు ప్రసారము చేసినది గాని అవి నిలువలేదు. 1979వ సంవత్సరము ఏప్రిల్ 2వ తేదీన వేఱొక సంస్థ మఱల మొదలిడినది; ఆ పర్యాయము గొంతు ఓయామాది. కథకర్తకు నచ్చునో నచ్చదో యని ఆమె సందేహించుచుండగా, డోరేమాన్ గొంతు ఇట్లుండునని తనకిపుడే తెలిసినదని ఆయన అన్నాడట. సృష్టించినవానికే తెలియని గొంతును నటి కనుగొన్నదన్నమాట!

భాషోపాధ్యాయులమగు మాకు అన్నిటికంటె మిన్నగా తోచినది వేఱొకటి. ఓయామా మొదటి మాటల ప్రతిని చదివి, ఈ పిల్లి చిన్నపిల్లవానిని చూచుకొనుటకై చేయబడిన యంత్రము గదా, ఇది మోటుమాటలు పలుకదు అని నిశ్చయించుకొనెను. ఆ నిశ్చయమునుండియే "నమస్కారము, నేను డోరేమానును" అను అర్థముగల మర్యాదయైన పలకరింపు పుట్టినది. దీని సొగసు తెలియుటకు జపానీయ వ్యాకరణము కొంచెము కావలెను. మనకు ఎదుటివానిని పిలుచుటకు నీవు, మీరు, తమరు అని తరతమములు గలవు గాని "నేను" ఒక్కటియే. వారికి "నేను" అనుటకే పెక్కు మాటలున్నవి. "వతాషి" అందఱును వాడదగిన మర్యాదపు మాట; "ఓరె" మగవారి మోటుమాట; "బొకు" సాధువైన బాలుని మాట. డోరేమాన్ పలుకునది "బొకు". ఆ ఒక్క మాటలో వాని స్వభావమంతయు నున్నది. తెలుగున "నేను" అనినంతనే అదియంతయు జారిపోవును. అనువాదకుడు దానిని మఱొకచోట, "రా", "రండి" అనుటలో, పూడ్చుకొనవలసినదే. ఈసారి ఆ బొమ్మలను చూచినపుడు అది నోబితాతో ఎట్లు మాటాడునో చెవియొగ్గి వినుడు.

ఆమె ఆ పిదప ఇతర బొమ్మల పాత్రలను చాలవఱకు మానుకొనెను. ఒకే గొంతు ఇచట స్నేహితుడై, అచట దుష్టుడైనచో పిల్లల మనస్సు కలతపడునని ఆమె తలంపు. 1980 నుండి 2004 వఱకు ఏటేట ఒకటి చొప్పున 25 పెద్ద చిత్రములు వచ్చినవి. నోబితాగా నొరికో ఓహరా, షిజుకాగా మిచికో నొమురా, సునియోగా కనెతా కిమొత్సుకి, జియాన్‌గా కజుయా తతెకాబె, ఓయామాతో కూడి ఆ కాలమంతయు గొంతునిచ్చిరి. కథకర్త 1996లో మరణించెను, వారు ఆగలేదు. 2001లో ఓయామాకు పురీషనాళమున క్యాన్సరు బయటపడగా శస్త్రచికిత్స జరిగినది. కోలుకొని మఱల మైకు ముందు నిలిచెను. 2005వ సంవత్సరము మార్చిలో ఐదుగురును కలిసియే సెలవు పుచ్చుకొనిరి. ఏప్రిల్ నుండి ఆ పాత్ర వసాబి మిజుతా అను చిన్న వయస్సు నటికి దక్కెను.

2007లో ఓయామా టోక్యోలోని ఒక శబ్దకళా విద్యాలయమునకు ప్రధానాచార్యురాలయ్యెను. 2010లో ఒక వీడియో క్రీడయందు మోనోకుమా అను క్రూరమైన ఎలుగుబంటికి గొంతునిచ్చెను. డోరేమానుగా నున్నన్నాళ్ళు తాకని దుష్టపాత్రను 70 ఏండ్లు దాటిన వయస్సులో చేపట్టుట ఆమెకు వినోదముగనే యుండి యుండును.

2012లో ఆమెకు మతిమఱపు వ్యాధి యున్నదని వైద్యులు నిర్ణయించిరి. 1964లో ఆమెను వివాహమాడిన నటుడు కెయిసుకె సగావా కొంతకాలము ఈ విషయమును దాచి, తానే చూచుకొనెను. 2015వ సంవత్సరము మే నెలలో రేడియోలో దానిని వెల్లడించెను. 2017లో ఆయనయే ముందుగా కన్నుమూసెను. 2024వ సంవత్సరము జూలైలో నోబితా గొంతగు ఓహరా మరణించెను. అదే సంవత్సరము సెప్టెంబరు 29వ తేదీన ఓయామా వార్ధక్యముచే మరణించెను. అప్పటికామె వయస్సు 90 ఏండ్లు.

ప్రార్థనా సమావేశపు వార్తల పట్టిక తెలుగు విభాగపు గదిలో నున్నది. గురువారపు గడి ఇంకను ఖాళీగా నున్నది.